స్టెయిన్‌లెస్ స్టీలుకు ఇంట్లో రంగు వేయడం: తీరప్రాంత గృహాల దృష్టితో ఒక సమీక్ష

ప్రశ్న, దాని పరిధి

శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల తీర గ్రామాలలో ఇటీవలి కాలంలో కట్టిన ఇళ్ళకు మేడమెట్ల రెయిలింగులు, వసారా కమ్ములు, కిటికీ గ్రిల్లులు, వీధి గేట్లు, వంటగది అరల తలుపులు స్టెయిన్‌లెస్ స్టీలుతో చేయించుకోవడం సాధారణమైంది. ఒకప్పుడు వంటపాత్రలకే పరిమితమైన ఈ లోహం, రంగు వేయనక్కరలేదనే హామీతోనే, రెండు మూడేళ్ళకోసారి ఎనామిల్ పూత కోరే ఇనుప కమ్ముల స్థానాన్ని ఆక్రమించింది. అయితే సముద్రానికి కొద్ది కిలోమీటర్ల దూరంలోనే ఉన్న శ్రీకూర్మం వంటి ఊళ్ళలో ఈ కమ్ముల మీద గోధుమరంగు చారలు తేలడం, వాటిని కప్పడానికి గృహస్థులు రంగు డబ్బాను ఆశ్రయించడం, వేసిన రంగు మరుసటి వానాకాలానికే పెచ్చులుగా లేచిపోవడం తరచు కనిపించే వరుస.

ఈ వరుసలో మూడు వేర్వేరు ప్రశ్నలు కలిసిపోయి ఉన్నాయి. స్టెయిన్‌లెస్ స్టీలుకు రంగు అంటుతుందా అనేది మొదటిది. అంటిన రంగు ఆ లోహానికి మేలు చేస్తుందా, కీడు చేస్తుందా అనేది రెండవది. కర్మాగారపు సదుపాయాలు లేని ఇంటి వసారాలో ఆ పని చేయదగినదేనా అనేది మూడవది. మొదటి ప్రశ్నకు పెయింటర్లు, రెండవదానికి లోహశాస్త్రజ్ఞులు, మూడవదానికి రంగుల తయారీదారులు ఎక్కువగా సమాధానం చెబుతూ వచ్చారు గనుక, ఒకరి సమాధానాన్ని మరొకరి ప్రశ్నకు వర్తింపజేయడం వల్ల అపోహలు పెరిగాయి. ఈ మూడింటినీ విడివిడిగా పరిశీలించి, ఉప్పుగాలి వీచే తీరంలోని ఇంటికి వర్తించే నిర్ణయాన్ని సూచించడం ఈ సమీక్ష ఉద్దేశం.

లోహ స్వభావం

కనీసం 10.5 శాతం క్రోమియం కలిసిన ఉక్కును స్టెయిన్‌లెస్ స్టీలు అంటారు. ఇంగ్లండులోని షెఫీల్డ్ నగరంలో 1913లో హ్యారీ బ్రియర్లీ క్రోమియం అధికంగా గల ఉక్కును పోతపోసి, అది సులభంగా తుప్పు పట్టడం లేదని గుర్తించినప్పటి నుంచి దీని పారిశ్రామిక చరిత్ర విస్తరించింది. ఇందులోని క్రోమియం గాలిలోని ఆమ్లజనితో కలిసి, లోహం ఉపరితలాన కొద్ది నానోమీటర్ల మందం మాత్రమే ఉండే ఆక్సైడు పొరగా ఏర్పడుతుంది. కంటికి కనిపించని ఈ పొరను నిష్క్రియ పొర అంటారు. లోహం గీసుకుపోయినా గాలి, తేమ తగిలితే చాలు, అది తనంతట తానే మళ్ళీ ఏర్పడుతుంది. స్టెయిన్‌లెస్ స్టీలు తుప్పును నిరోధించడానికి మూలకారణం ఈ స్వయం పునరుద్ధరణే గనుక, దానికి ఆమ్లజని అందకుండా చేసే ఏ పనైనా రక్షణ మూలాన్నే తాకుతుందన్న సంగతిని మొదటే గుర్తుంచుకోవాలి.

ఈ లోహపు ముడిసరుకులకూ ఉత్తరాంధ్రకూ దగ్గరి సంబంధం ఉంది. భారతదేశంలో మాంగనీసు ఖనిజం తవ్వకం 1892లో విజయనగరం ప్రాంతంలోనే మొదలైంది. గరివిడి 1950 దశకం నుంచి ఫెర్రో మిశ్రమాల తయారీకి పేరు పొందింది. ఉక్కులోకి క్రోమియాన్ని చేర్చే ఫెర్రోక్రోమ్ అనే మిశ్రమం తయారీ కొత్తవలసలో జరిగింది. ఈ మాంగనీసు, క్రోమియాల పాళ్ళను బట్టే బజారులో దొరికే స్టీలు రకాల మధ్య తేడా ఏర్పడుతుంది.

సుమారు 18 శాతం క్రోమియం, 8 శాతం నికెలు గల 304 రకం వంటపాత్రలకు, మేలైన రెయిలింగులకు వాడేది. నికెలు ఖరీదైన లోహం కావడం వల్ల దానిని సగానికి తగ్గించి, ఆ లోటును 7.5 నుంచి 10 శాతం మాంగనీసుతో పూరించినది 202 రకం. భారతీయ విపణిలో నికెలును ఇంకా తగ్గించిన చవక రకాలు కూడా విరివిగా అమ్ముడవుతున్నాయి. 2 నుంచి 3 శాతం మాలిబ్డినం చేర్చిన 316 రకం ఉప్పును ఎక్కువగా తట్టుకుంటుంది. నికెలు దాదాపు లేని 430 రకాన్ని వంటగది ఉపకరణాల పైరేకులకు వాడుతారు. దీనికి అయస్కాంతం గట్టిగా అంటుకుంటుంది. 304, 202 రకాలు రెండింటికీ అయస్కాంతం దాదాపు అంటుకోదు గనుక, అయస్కాంతం పెట్టి చూసి మంచి స్టీలని నిర్ధారించుకునే వాడుక నమ్మదగినది కాదు. మాంగనీసు ఎక్కువగా ఉన్నదీ లేనిదీ తేల్చడానికి చిన్న బ్యాటరీతో, రసాయనపు చుక్కతో చేసే పరీక్ష ఒకటి ఉంది. దీనిని స్టీలు వ్యాపారులు, పాత సామాను కొనేవారు వాడుతుంటారు, గృహస్థులు దుకాణంలోనే చేయించి చూపమని అడగవచ్చు.

తీరంలో కనిపించే మరక

సముద్రపు గాలి మోసుకొచ్చే ఉప్పులోని క్లోరైడు నిష్క్రియ పొరను అక్కడక్కడ ఛేదిస్తుంది. అలా ఏర్పడిన సూక్ష్మమైన గుంటల నుంచి వెలువడిన ఇనుము గోధుమరంగు చారగా పైన పరుచుకుంటుంది. తేనీటి మరకను పోలి ఉండడం వల్ల లోహశాస్త్రజ్ఞులు దీనిని తేనీటి మరక అనే వ్యవహరిస్తారు. అలలు విరిగే తీరం నుంచి సుమారు 5 కిలోమీటర్ల లోపల ఇది ఎక్కువగా కనిపిస్తుందని ఆస్ట్రేలియా తీరప్రాంత అనుభవం చెబుతున్నది. గాలి ఉధృతిని బట్టి ఈ పరిధి పెరుగుతుంది. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్, 2018 అక్టోబరు 11న తిత్లీ తుపానులు తీరం దాటినప్పటి వంటి పెనుగాలులలో సముద్రపు తుంపర మామూలు రోజులకంటే చాలా లోపలికి చేరుతుంది.

ఈ మరక గురించి రెండు అంశాలు రంగు వేసే నిర్ణయాన్ని నేరుగా ప్రభావితం చేస్తాయి. మొదటిది, వానకు తడిసే కమ్మీకంటే చూరు కింద, మెట్ల అడుగున, వాన తగలకుండా గాలి మాత్రం తగిలే కమ్మీకే మరకలు ఎక్కువ; ఎందుకంటే పేరుకున్న ఉప్పును కడిగే నీరు అక్కడికి చేరదు. రెండవది, ఉపరితలం ఎంత గరుకుగా ఉంటే అంతగా ఉప్పు అందులో నిలుస్తుంది. అద్దంలా మెరిసే పైపుకంటే సన్నగీతలు తీసిన పైపు త్వరగా మరక పడుతుంది. ఇళ్ళ దగ్గర మరో కారణం కూడా ఉంది. కట్టడం పూర్తయ్యాక నేలపలకల మీది సిమెంటు మరకలు పోవడానికి పనివారు వాడే యాసిడ్, అంటే హైడ్రోక్లోరిక్ ఆమ్లం, క్లోరైడే. దాని ఆవిరి తగిలినా చాలు, పక్కనున్న కొత్త స్టీలు రెయిలింగు మచ్చలు పడుతుంది. బ్లీచింగు పొడి విషయమూ అంతే.

తేనీటి మరక తొలిదశలో లోహం బలాన్ని తగ్గించేది కాదు, రూపాన్ని చెడగొట్టేది మాత్రమే. దీనిని రంగుతో కప్పాలా, కడిగి తొలగించాలా అన్నదే అసలు మీమాంస. దానికి సమాధానం రంగు ఈ లోహాన్ని ఎలా అంటిపెట్టుకుంటుందో తెలిస్తే గాని తేలదు.

రంగు అంటుకునే తీరు

రంగుపొర ఏ ఉపరితలాన్నైనా రెండు విధాల పట్టుకుంటుంది. ఉపరితలంలోని సందులలోకి, గరుకులలోకి ద్రవరూపంలో దిగి అక్కడ గట్టిపడడం యాంత్రిక బంధం. రంగులోని అణువులు ఉపరితలపు అణువులతో కలవడం రసాయన బంధం. శ్రీకూర్మనాథాలయ ప్రదక్షిణ మండపపు గోడల మీది పాత వర్ణచిత్రాలను చూస్తే, సున్నపు పూత రంగును ఎంతగా తనలోకి పీల్చుకుని నిలుపుకోగలదో బోధపడుతుంది. స్టెయిన్‌లెస్ స్టీలు ఇందుకు పూర్తిగా వ్యతిరేకం. అది దేనినీ పీల్చుకోదు, రోలింగు మిల్లులో తేరిన నునుపు వల్ల పట్టు దొరకనివ్వదు, దాని నిష్క్రియ పొర రసాయనికంగా దేనితోనూ సులభంగా కలవదు. తుప్పును దగ్గరికి రానివ్వని గుణమే రంగును కూడా దూరంగా ఉంచుతున్నది.

తెలుగు ఇళ్ళలో లోహానికి పూత పెట్టడం కొత్త విద్య కాదు. బుడితి వంటి కంచు, ఇత్తడి పనివారి ఊళ్ళ నుంచి వచ్చిన పాత్రలకు కళాయి పెట్టించడం ఇటీవలి తరం వరకూ సాగింది. కళాయి పెట్టేవారు పాత్రను తోమి, కాల్చి, నవసాగరం చల్లి, తగరాన్ని గుడ్డతో రుద్దేవారు. నవసాగరం లోహపు పైపొరను శుభ్రపరచగా, వేడికి కరిగిన తగరం కింది లోహంలోని రాగితో మిశ్రమమై అతుక్కునేది. రంగుపూతలో అటువంటి లోహబంధం ఏర్పడదు. కాని కళాయిలోని క్రమం, అంటే ముందు పూర్తిగా శుభ్రం చేయడం, తరువాత ఉపరితలాన్ని సిద్ధం చేయడం, చివరనే పూత పెట్టడం అన్నది, స్టెయిన్‌లెస్ స్టీలుకు కూడా అక్షరాలా వర్తిస్తుంది.

ఇనుప బీరువాకు, గేటుకు రంగు వేసిన అనుభవం ఇక్కడ పనికిరాకపోవడానికి మరో రెండు కారణాలున్నాయి. బీరువాలకు కర్మాగారంలో ముందుగా ఫాస్ఫేటు పొర పట్టిస్తారు. రంగుకు పట్టునిచ్చే ఈ స్ఫటిక పొర మామూలు ఉక్కు మీద ఏర్పడినట్టు స్టెయిన్‌లెస్ స్టీలు మీద ఏర్పడదు. వ్యాకోచంలో తేడా రెండవ కారణం. 304 రకం స్టీలు ప్రతి డిగ్రీ సెల్సియస్‌కు సుమారు పది లక్షలలో 17 వంతులు సాగితే, మామూలు ఉక్కు 12 వంతులే సాగుతుంది. 6 మీటర్ల రెయిలింగు తెల్లవారుజామున 20 డిగ్రీల నుంచి మధ్యాహ్నపు ఎండలో 60 డిగ్రీలకు వేడెక్కితే స్టెయిన్‌లెస్ పైపు సుమారు 4 మిల్లీమీటర్లు పొడుగవుతుంది, ఇనుప పైపు 3 మిల్లీమీటర్లకు లోపే. రోజూ ఇలా సాగి ముడుచుకునే లోహం మీద, ఏళ్ళు గడిచేకొద్దీ పెళుసెక్కే సింథటిక్ ఎనామిల్ ముందుగా బీటలు వారి, ఆ తరువాత పట్టు వదులుతుంది.

అంటదన్న మాటకు ప్రతిసాక్ష్యం

ఇంత చెప్పినా, స్టెయిన్‌లెస్ స్టీలుకు రంగు అంటనే అంటదన్న అభిప్రాయం సరైనది కాదు. హౌరా, చెన్నై ప్రధాన రైలుమార్గంలోని శ్రీకాకుళం రోడ్డు స్టేషను, అంటే ఆముదాలవలస మీదుగా రోజూ సాగే ఎల్‌హెచ్‌బీ రైలుపెట్టెలే దీనికి సాక్ష్యం. 2000 ప్రాంతంలో జర్మనీ నమూనాతో భారతీయ రైల్వేలోకి వచ్చిన ఈ పెట్టెల గోడలు, పైకప్పు ప్రధానంగా స్టెయిన్‌లెస్ స్టీలుతో చేసినవి. వాటి మీది ఎరుపు, నీలం, బూడిద రంగులు ఎండకు, వానకు, తీరపు గాలికి, యంత్రాలతో కడగడానికి తట్టుకుని ఏళ్ళ తరబడి నిలుస్తున్నాయి. అక్కడ రంగు నిలవడానికి కారణం రంగులో ఏదో మహత్తు ఉండడం కాదు. జిడ్డు తీయడం, గరుకు చేయడం, రెండు భాగాల ఎపాక్సీ ప్రైమరు, ఆపైన పాలియురెథేన్ పూత అనే వరుసను తప్పకుండా పాటించడమే. కనుక మొదటి ప్రశ్నకు సమాధానం స్పష్టమే: రంగు అంటుతుంది, ఉపరితలాన్ని సిద్ధం చేసిన మేరకే అంటుతుంది.

ఇంటివద్ద పాటించదగిన క్రమం

ఇంటివద్ద ఈ పని చేయదగినదేనా అన్న మూడవ ప్రశ్నకు సమాధానం పని క్రమాన్ని చూస్తే తేలుతుంది. పనికి మొదటి మెట్టు కడగడం. సబ్బునీటితో జిడ్డు, ధూళి తీసి, మంచినీటితో ఉప్పు పోయేదాకా కడగాలి. తీరగ్రామాలలో కొన్ని బోర్ల నీరు ఉప్పగా ఉంటుంది గనుక, ఏ నీరు వాడుతున్నదీ ముఖ్యమే. తాగునీటికి భారతీయ ప్రమాణం ఐఎస్ 10500 క్లోరైడును లీటరుకు 250 మిల్లీగ్రాముల వరకు ఆమోదిస్తున్నది. 304 రకం స్టీలు సుమారు 200 మిల్లీగ్రాములు దాటిన నీటిలో నిలకడగా ఉంటే ప్రమాదంలో పడుతుందని సాధారణ అంచనా. ఉప్పునీటితో కడిగి ఆరబెట్టిన కమ్మీ మీద మిగిలిన ఉప్పు, తరువాత వేసే రంగు కింద చిక్కుకుని తేమను లాగి బొబ్బలు లేపుతుంది. కడిగి ఆరిన తరువాత అసిటోనుతో గాని, ఐసోప్రొపైల్ ఆల్కహాలుతో గాని తుడిచి మిగిలిన జిడ్డు తీయాలి. గుడ్డను తరచు మార్చకపోతే జిడ్డు పోవడానికి బదులు ఒకచోటి నుంచి మరొకచోటికి పరుచుకుంటుంది.

రెండవ మెట్టు గరుకు చేయడం. 180 నుంచి 240 అంకెల మధ్య గరుకు కాగితంతో మెరుపు పూర్తిగా పోయేదాకా, మూలలతో, అతుకులతో సహా రుద్దాలి. సిలికాన్ కార్బైడు, అల్యూమినియం ఆక్సైడు పొడులు అంటించిన కాగితాలే ఇందుకు తగినవి. ఇనుప పీచు, ఇనుప తీగల బ్రష్షు, ఇంతకుముందు ఇనుప గేటు మీద వాడిన కాగితం ఎట్టిపరిస్థితిలోనూ పనికిరావు. వాటి నుంచి రాలిన ఇనుప రేణువులు స్టీలులో గుచ్చుకుని, రంగు కిందనే తుప్పు పట్టడం మొదలుపెడతాయి. జిడ్డు తీయకముందే రుద్దితే జిడ్డు గీతలలోకి దిగిపోతుంది గనుక, ఈ రెండు మెట్ల వరుసను తారుమారు చేయకూడదు. రుద్దిన తరువాత ధూళిని తుడిచి, మళ్ళీ ఒకసారి అసిటోనుతో శుభ్రం చేసి, ఉప్పుగాలి మళ్ళీ పేరుకోకముందే, అదేరోజు ప్రైమరు వేయాలి.

మూడవ మెట్టయిన ప్రైమరు ఎంపికలో అభిప్రాయభేదాలు ఎక్కువ. ఇళ్ళ దగ్గర పెయింటర్లు అలవాటుగా వాడే రెడ్ ఆక్సైడు ప్రైమరు మామూలు ఇనుము కోసం రూపొందినది. దాని ప్రధాన ప్రయోజనమైన తుప్పు నివారణ ఇక్కడ అనవసరం, దానిలోని నూనె ఆధారిత బంధకానికి నునుపైన స్టీలు మీద పట్టు తక్కువ. ఇళ్ళ దగ్గర రంగులు ఊడిపోవడంలో ఈ అలవాటుకు పెద్ద పాత్రే ఉంది. రెండో ప్రపంచయుద్ధ కాలంలో నౌకల కోసం అభివృద్ధి చెందిన ఎచింగ్ ప్రైమరులో ఫాస్ఫారిక్ ఆమ్లం, పాలివినైల్ బ్యుటిరాల్ అనే రెజిను ఉంటాయి. ఆమ్లం ఉపరితలాన్ని స్వల్పంగా తిని, రెజినుకు రసాయన బంధాన్ని సమకూరుస్తుంది. దీనిని సుమారు 10 మైక్రాన్ల పలుచని పొరగానే వేయాలి. చిక్కగా వేస్తే లోపలి ఆమ్లం ఆరక పట్టు తగ్గుతుంది. రెండు భాగాల ఎపాక్సీ ప్రైమరు మరో మార్గం. గరుకు చేసిన ఉపరితలంలోకి దిగి గట్టిగా పట్టుకుంటుంది, తేమను బాగా అడ్డుకుంటుంది. ఒకదాని మీద ఒకటి వేస్తే మరింత మేలనుకోవడం పొరపాటు, ఎందుకంటే ఎచింగ్ ప్రైమరులో మిగిలిన ఆమ్లం ఎపాక్సీ గట్టిపడడాన్ని అడ్డుకోగలదు. తయారీదారు ప్రత్యేకంగా అనుమతించినప్పుడు తప్ప వాటిని కలపకూడదు. ఇంటి అవసరానికి, ముఖ్యంగా ఆరుబయటి కమ్ములకు, ఎపాక్సీయే సురక్షితమైన ఎంపిక. కార్లకు రంగులు వేసేవారి సామాను అమ్మే దుకాణాలలో ఈ రెండు రకాలూ దొరుకుతాయి.

నాలుగవ మెట్టు పైపూత. ఎపాక్సీ ఎండకు తట్టుకోలేక కొద్దికాలానికే సుద్దపొడిలా రాలుతుంది గనుక, ఆరుబయట దానిని ఒంటరిగా వదలకుండా పైన రెండు భాగాల పాలియురెథేన్ పూత వేయాలి. నీడలో ఉండే వంటగది తలుపులకు ఎపాక్సీ ప్రైమరు మీద మంచి రకం ఎనామిల్ గాని, ఆక్రిలిక్ స్ప్రే గాని సరిపోతుంది. ఒకేసారి చిక్కగా వేసిన పూతకంటే పలుచగా వేసిన రెండు మూడు పూతలు మేలు. రెండు పూతల మధ్య వ్యవధిని డబ్బా మీద ముద్రించిన మేరకు పాటించాలి. గడువు దాటితే కింది పూతను తేలికగా గరుకు చేసి గాని పై పూత వేయరాదు. రెండు భాగాల రంగులు ముట్టుకుంటే అంటుకోనంతగా కొన్ని గంటలలో ఆరినా, పూర్తి గట్టిదనం రావడానికి సుమారు వారం పడుతుంది. అప్పటివరకు కడగడం, రుద్దడం, బరువులు ఆనించడం తగదు.

వాతావరణం విషయంలో పరిశ్రమలు పాటించే నియమం ఇంటికీ వర్తిస్తుంది. గాలిలో తేమ 85 శాతానికి మించకూడదు. లోహపు ఉష్ణోగ్రత మంచుబిందువు కంటే, అంటే గాలిలోని తేమ నీటిబొట్లుగా మారే ఉష్ణోగ్రత కంటే, కనీసం 3 డిగ్రీలు ఎక్కువగా ఉండాలి. ఉత్తరాంధ్ర తీరంలో నైరుతి రుతుపవనాల నెలలు, అక్టోబరు, నవంబరు తుపానుల కాలం దీనికి అనుకూలం కావు. నడివేసవిలో ఎండ తగిలే స్టీలు చేయి పెట్టలేనంత కాలి, రంగు పరుచుకోకముందే థిన్నరు ఆవిరైపోతుంది. డిసెంబరు నుంచి ఫిబ్రవరి వరకు, ఉదయపు మంచు పూర్తిగా ఆరిన తరువాత మొదలుపెట్టి, సాయంత్రపు చెమ్మ దిగకముందే ముగించడం ఉత్తమం.

పనికి ముందు ఒక పరీక్ష చేసుకోవడం మంచిది. కనిపించని చోట జానెడు మేర మొత్తం వరుసను వేసి, వారం తరువాత పదునైన బ్లేడుతో ఒక మిల్లీమీటరు ఎడంగా ఆరు నిలువు గీతలు, ఆరు అడ్డగీతలు గీసి, ఏర్పడిన 25 గళ్ళ మీద గట్టి జిగురు టేపు అంటించి ఒక్కసారి లాగాలి. పూత మందంగా ఉంటే గీతల ఎడాన్ని రెండు మిల్లీమీటర్లకు పెంచుకోవాలి. గళ్ళు చెక్కుచెదరకపోతే పట్టు కుదిరినట్టు. గళ్ళు టేపుతోపాటు ఊడివస్తే, మొత్తం రెయిలింగు మీద ఖర్చు పెట్టకముందే లోపం తెలిసినట్టు. ప్రయోగశాలలు వాడే అంతర్జాతీయ గళ్ళకోత పరీక్షకు ఇది ఇంటిరూపం.

మేలా, కీడా

రెండవ ప్రశ్న ఇంతకంటే క్లిష్టమైనది. మామూలు ఇనుముకు రంగు కవచం. స్టెయిన్‌లెస్ స్టీలుకు మాత్రం గాలే కవచం. లోపం లేని, ఎక్కడా తెగని మంచి పూత ఉప్పును దూరంగా ఉంచి మేలు చేస్తుందన్నది నిజమే; రైలుపెట్టెల అనుభవం దానినే చూపుతున్నది. కాని పూత ఒకచోట చిట్లితే పరిస్థితి తలకిందులవుతుంది. చిట్లిన అంచు కింద సన్నని సందు ఏర్పడి, అందులోకి ఉప్పునీరు చేరుతుంది గాని ఆమ్లజని తగినంత చేరదు. నిష్క్రియ పొర మళ్ళీ ఏర్పడే అవకాశం లేక, క్లోరైడు అక్కడే గాఢమై లోహాన్ని లోపలికి తొలుస్తుంది. దీనిని సందు తుప్పు అంటారు. పూత లేని కమ్మీ మీద పైపైన కనిపించి, కడిగితే పోయే మరక, పూత కింద కనిపించకుండా గుంటగా మారుతుంది. అందువల్ల తీరంలో సగం పట్టిన రంగు, అసలు రంగు లేకపోవడం కంటే హానికరం. మరక తొలగించకుండా దాని మీదనే రంగు వేయడం ఈ హానిని స్వయంగా ఆహ్వానించడమే.

తేనీటి మరకకు సరైన చికిత్స శుభ్రపరచడం. నిమ్మ ఉప్పు (సిట్రిక్ ఆమ్లం) ద్రావణంతో గాని, ఫాస్ఫారిక్ ఆమ్లం గల స్టీలు శుద్ధి ద్రావణంతో గాని మరక తీసి, మంచినీటితో కడిగి ఆరనిస్తే నిష్క్రియ పొర తిరిగి ఏర్పడుతుంది. ఆ తరువాత వానకు తడవని కమ్ములను క్రమం తప్పకుండా మంచినీటితో కడగడం, పెనుగాలి వచ్చి వెళ్ళాక తప్పనిసరిగా కడగడం చాలా ఇళ్ళకు సరిపోయే రక్షణ. 202 వంటి చవక రకాలకు మాత్రం మరకలు పదేపదే వస్తాయి. గుంటలు ఇంకా లోతుగా పడకముందే పూర్తి వరుసతో రంగు వేయించడానికి సమంజసమైన కారణం అటువంటి చోట ఉంటుంది.

రంగు తగని చోట్లు, ఆరోగ్య సంగతులు

కొన్ని ఉపరితలాలకు ఎంత జాగ్రత్తగా వేసినా రంగు తగదు. వంటపాత్రల లోపలి భాగం, తాగునీటి బిందెలు, ఆహారం తగిలే బల్లలు ఈ కోవలో మొదటివి. నిత్యం నీరు నిలిచి, పీచుతో తోమే సింకు మీద ఏ ఇంటిపూతా నిలవదు. పొయ్యి చుట్టుపక్కల రేకుల వేడికి మామూలు ఎనామిల్ పసుపెక్కి రాలుతుంది. సిలికోన్ ఆధారిత వేడిరంగులు 600 డిగ్రీల వరకు తట్టుకునేవి ఉన్నా, వాటిలో అనేకం గట్టిపడడానికి సుమారు 200 డిగ్రీల వేడి అవసరం.

రంగుల వల్ల కలిగే హాని మీద గృహస్థుల దృష్టి ఇంకా చాలినంతగా లేదు. గృహావసర రంగులలో సీసాన్ని పది లక్షల భాగాలలో 90కి పరిమితం చేస్తూ భారత ప్రభుత్వం 2016లో నియమాలు ప్రకటించింది. అవి 2017 నవంబరు నుంచి అమలులోకి వచ్చాయి. అంతకుముందు కొని అటకమీద దాచిన డబ్బాలను వాడకుండా వదిలేయడం పిల్లలున్న ఇళ్ళలో తప్పనిసరి. కొన్ని పాత ఎచింగ్ ప్రైమర్లలో జింక్ క్రోమేటు ఉంటుంది. అది క్యాన్సరు కారకం. రెండు భాగాల పాలియురెథేన్‌లోని గట్టిపరిచే ద్రవంలో ఐసోసయనేట్లు ఉంటాయి; స్ప్రే చేసినప్పుడు వాటి తుంపర పీలిస్తే ఉబ్బసం రావచ్చు, ఒకసారి వచ్చిన ఆ లక్షణం జీవితాంతం ఉండిపోవచ్చు. ముక్కుకు కట్టుకునే గుడ్డ ఈ ఆవిరిని ఆపలేదు. సేంద్రియ ఆవిరులను పీల్చుకునే బొగ్గు డబ్బాల మాస్కు, చేతితొడుగులు, ధారాళమైన గాలి కావాలి. ఇంటి దగ్గర పాలియురెథేన్‌ను స్ప్రే చేయడం మాని కుంచెతో గాని, రోలరుతో గాని వేయడం శ్రేయస్కరం. రోజుకూలికి పనిచేసే పెయింటరుకు ఈ మాస్కు కొనే స్తోమత ఉండకపోవచ్చు గనుక, దానిని రంగు ఖర్చులో భాగంగా ఇంటి యజమాని సమకూర్చడం న్యాయం.

ప్రత్యామ్నాయాలు

స్టీలుకు రంగు కావాలనుకునేవారికి కుంచె ఒక్కటే మార్గం కాదు. విడదీయగలిగిన తలుపులు, గ్రిల్లులు పౌడరు కోటింగుకు పంపవచ్చు. విద్యుదావేశంతో అంటించిన పాలియెస్టరు పొడిని 180 నుంచి 200 డిగ్రీల కొలిమిలో కరిగించి చేసే ఈ పూత, చేతిపూతకంటే సమంగా, గట్టిగా ఉంటుంది. ఇక్కడ కూడా ముందుగా గరుకు చేయడం తప్పదు. బంగారు రంగులో మెరిసే స్టీలు గేట్లకు శూన్యపు గదిలో టైటానియం నైట్రైడు పొర పట్టిస్తారు. రసాయన ద్రావణాలలో ముంచి నిష్క్రియ పొర మందాన్నే పెంచి, కాంతి వ్యతికరణం ద్వారా రంగు తెప్పించే పద్ధతి 1970 దశకంలో వాడుకలోకి వచ్చింది. ఈ రెండూ కర్మాగారాలకే సాధ్యం. ఫ్రిజ్జు తలుపుల వంటి చదునైన రేకులకు వినైల్ పొర అంటించడం చవకైనది, నచ్చకపోతే తీసివేయదగినది. అన్నిటికంటే ముందు ఆ రేకు నిజంగా పూతలేని స్టీలేనా అని చూసుకోవాలి. చాలా ఉపకరణాలకు వేలిముద్రలు పడకుండా పారదర్శక పూత ముందే ఉంటుంది, కొన్నింటికి స్టీలులా కనిపించే రంగు మాత్రమే ఉంటుంది.

నిర్ధారణ

ఈ పరిశీలన మొత్తం నుంచి తేలే నిర్ణయాలు నాలుగు. స్టెయిన్‌లెస్ స్టీలుకు రంగు అంటుతుంది; కాని ఆ పట్టు డబ్బా ధరను బట్టి కాక, జిడ్డు తీసి గరుకు చేసిన శ్రద్ధను బట్టి ఉంటుంది. ఈ లోహానికి రంగు ప్రధానంగా అలంకారం, రక్షణ కాదు; రక్షణ కోసమైతే కడగడమే ముందు. సముద్రానికి దగ్గరలో రంగు వేస్తే మొత్తం వరుసను పాటించి వేయాలి, చిట్లినచోట వెంటనే సరిచేయాలి. అంత ఓపిక, ఖర్చు లేనప్పుడు వేయకపోవడమే లోహానికి మేలు. ఇంకా కట్టని ఇంటికి మాత్రం రంగు గురించి ఆలోచించడానికి బదులు, బిల్లు మీద స్టీలు రకాన్ని రాయించుకుని, తీరం అంచున 316, కాస్త లోపల కనీసం 304 రకం మెరుగుపెట్టిన పైపు కొనడం అన్నివిధాల ఉత్తమం.

గోధుమరంగు చార కనిపించగానే పెయింటరును పిలవకుండా, ముందు ఆ కమ్మీని మంచినీటితో, నిమ్మ ఉప్పుతో కడిగి చూడాలని తీరప్రాంత గృహస్థులకు మనవి. అధికభాగం ఇళ్ళలో అంతకుమించి చేయవలసిన అవసరం ఉండదు.